గింబళిని పుట్టించిన పింగళి

పిల్లలూ! 'మాయాబజార్' (1957) చూసి నవ్వనివాళ్ళం మనలో తక్కువ. ఘటోత్కచుణ్ణి వెంటనే గుర్తుపడతాం. అతని మాటలు రాసినదెవరంటే మాత్రం తడుముకుంటాం. ఆయనే పింగళి నాగేంద్రరావు (1901–1971).

పింగళి మచిలీపట్నంలో చదువుకుని, ఖరగ్‌పూర్‌లో బెంగాల్ నాగపూర్ రైల్వేలో ఉద్యోగం చేశారు. మన టాటానగర్‌లో హౌరా రైలెక్కితే దారిలో వచ్చే ఊరే అది. ద్విజేంద్రలాల్ రాయ్ బెంగాలీ నాటకాలను తెలుగులోకి తెచ్చారు. 'వింధ్యరాణి' వంటి సొంత నాటకాలు రాశారు. 'పాతాళభైరవి' (1951), 'జగదేకవీరుని కథ' (1961) చిత్రాలకూ ఆయనే రచయిత.

ఇప్పుడు పాఠం. ఇంట్లో మనం 'పుస్తకం గిస్తకం', 'కాఫీ గీఫీ' అంటాం. మొదటి అక్షరం హ్రస్వమైతే 'గి', దీర్ఘమైతే 'గీ' వస్తుంది. రెండో మాటకు విడిగా అర్థం లేదు. 'అలాంటివి' అని సూచిస్తుంది, అంతే. పింగళి ఆ అర్థం లేని మాటనే పట్టుకున్నారు. కంబళి పక్కన గింబళి, తల్పం పక్కన గిల్పం నిజంగానే ఉంటే? తెరమీద వాటిని మాయవస్తువులు చేసి నవ్వించారు.

పక్క క్వార్టర్లో వినండి. హిందీవాళ్ళు 'చాయ్ వాయ్' అంటారు, బెంగాలీవాళ్ళు 'చా టా' అంటారు. ఆట ఒకటే, అక్షరమే వేరు. ఇంకో బదిలీ వస్తే పిల్లలకు తెలుగు పోతుందేమోనని మన ఇళ్ళలో బెంగ. ఇంట్లో మాట్లాడుతూ ఉంటే పోదు. పక్క భాష చెవిన పడితే మన భాషలోని తమాషా ఇంకా బాగా తెలుస్తుంది.

అభ్యాసం:
1. బడి, పెన్ను, నీళ్ళు – వీటికి జంటమాటలు రాయండి.
2. ఒడియా, సంతాలీ మాట్లాడే స్నేహితులు ఇలాంటిచోట ఏమంటారో అడిగి రాసుకురండి.