పైన్ తుప్పు, పల్లి తుప్పు: తేడా ఎక్కడ?

సిరిసిల్ల, జగిత్యాల, కోరుట్ల ప్రాంతాల్లో పైన్ చెట్టు కనిపించదు. అయినా పోటీ పరీక్షలకు చదివేవారు పైన్ చెట్టు తుప్పు తెగులును పల్లి తుప్పుతో కలిపి చదవాలి. రెండూ శిలీంధ్రాల వల్లే వస్తాయి, నివారణ మాత్రం వేరు.

తెల్ల పైన్ బొబ్బ తుప్పుకు కారణం క్రోనార్షియం రైబికోలా. ఒక్కో గుచ్ఛంలో ఐదు సూదులుండే పైన్ జాతులపై వచ్చే ఈ శిలీంధ్రానికి జీవితచక్రం పూర్తి కావాలంటే రైబీస్ పొదలు కూడా కావాలి. ఇది సుమారు 1900లో యూరప్ నారుతో ఉత్తర అమెరికా చేరింది. అందుకే అక్కడ ఏళ్ల తరబడి రైబీస్ పొదలను పీకించారు. కింది కొమ్మలను కత్తిరించడం, తట్టుకునే మొక్కలను పెంచడం మిగతా మార్గాలు.

పల్లి తుప్పు తెచ్చే పక్సీనియా అరాకిడిస్‌కు ఇలాంటి రెండో ఆతిథేయి ఉన్నట్టు తేలలేదు. కాబట్టి పొదలు పీకే ఉపాయం ఇక్కడ పనికిరాదు. ఆకు తిప్పి చూడండి: అడుగున నారింజ రంగు పొక్కులుంటాయి, వేలితో రుద్దితే పొడి అంటుతుంది. ఆకులు ఎండినా కొంతకాలం మొక్కనే పట్టుకుని ఉంటాయి. పల్లికే వచ్చే మరో తెగులు ఆలస్యపు ఆకుమచ్చలోనైతే రాలిపోతాయి. ఈ గుర్తు బాగా గుర్తుపెట్టుకోండి.

పల్లి తుప్పు నివారణకు వాటంతటవే మొలిచిన పల్లి మొక్కలను తీసేయాలి, అవసరమైతే క్లోరోథలోనిల్ పిచికారీ చేయాలి. నా దృష్టిలో అసలు బలం మాత్రం విత్తనానిదే. పటాన్‌చెరులోని ఇక్రిశాట్ శాస్త్రవేత్తలు జీపీబీడీ 4 రకంలోని తుప్పు నిరోధకతను డీఎన్‌ఏ మార్కర్ల సాయంతో టీఏజీ 24, జేఎల్ 24, ఐసీజీవీ 91114 రకాల్లోకి చేర్చి, ఆ ఫలితాలను 2014లో ప్రచురించారు.