బరువు చాలనివారు – వైద్యసహాయము

విద్యార్థులారా! స్థూలకాయము రోగహేతువని అందఱును చెప్పుదురు. మితిమీఱిన బక్కతనమును అట్టిదేయని గుర్తించువారు తక్కువ. సన్నముగా నున్నవారెల్లరు రోగులు కారు. కొందఱి శరీరతత్త్వమే అట్టిది. కాని ఎదిగెడు వయస్సున బరువు పెరుగకున్నను, ఉన్న బరువు తగ్గుచున్నను ఉపేక్షింపరాదు.

కొలత: కిలోలలోని బరువును మీటర్లలోని ఎత్తు యొక్క వర్గముతో భాగింపవలెను. 160 సెంటీమీటర్ల ఎత్తు, 45 కిలోల బరువు గలవారికి, 45ను 2.56తో భాగింపగా సుమారు 17.6 వచ్చును. పెద్దవారికిది 18.5కు తగ్గినచో బరువు చాలదని అర్థము. మీ యీడువారికి ఈ హద్దు చెల్లదు. వైద్యుడు వయస్సును బట్టి, బాలబాలికలకు వేర్వేఱుగా నున్న పట్టికలతో పోల్చి నిర్ణయించును.

కారణములు: చాలినంత తిండి లేకుండుట మొదటి కారణము. తిన్నను ఒంట బట్టనిచో లోపల వేఱొకటి యుండవచ్చును. రెండు వారములకు మించిన దగ్గు, సాయంకాలపు జ్వరము క్షయను సూచించును. అతిదాహము, మాటిమాటికి మూత్రము మధుమేహమును సూచించును. థైరాయిడు గ్రంథి అతిగా పనిచేసినను, కడుపులో నులిపురుగులున్నను, మనోవ్యథ వలన ఆకలి చచ్చినను మనుష్యుడు చిక్కిపోవును. కావున ముందు కారణము తెలియవలెను; పిదపనే చికిత్స. నులిపురుగులకు బడులలో ఇచ్చు ఆల్బెండజోల్ మాత్రను తప్పక నమిలి మ్రింగుడు.

ఆహారము: రోగమేమియు లేనిచో ఆహారమే మందు. మన హోసూరు ప్రాంతపు రాగిసంగటి మంచిదే. దానికి పప్పు, గ్రుడ్డు, పాలు తోడు కావలెను. 50 గ్రాముల వేరుసెనగపప్పు సుమారు 280 కేలరీల శక్తి నిచ్చును. మూడుపూటల భోజనమునకు నడుమ రెండుమాఱులు ఇట్టివి తినవచ్చును. పెద్దవారికి వారమునకు పావుకిలో మొదలు అరకిలో వఱకు పెరుగుట క్షేమకరము. బహుదినములు తిండిలేక కృశించినవారు మాత్రము ఒక్కసారిగా అధికముగా తినరాదు. రక్తములోని ఫాస్ఫేటు మొదలగు లవణములు పడిపోయి గుండెకే ముప్పు వాటిల్లవచ్చును. అట్టివారికి వైద్యుని పర్యవేక్షణముననే క్రమక్రమముగా ఆహారము పెంచవలెను.

హెచ్చరిక: నెలలో లావెక్కింతుమను పొడులను, మాత్రలను నమ్మకుడు. కొన్నిటిలో స్టెరాయిడులు కలిపియుందురు. వానివలన ముఖము ఉబ్బును, కండ క్షీణించును, ఎముకలు బలహీనమగును. చిరకాలము వాడి హఠాత్తుగా మానినను ప్రాణాపాయమే. ఇదివఱకే వాడుచున్నవారు దాచక వైద్యునితో చెప్పవలెను.

మేమొక మాట నొక్కి చెప్పుచున్నాము. బక్కవారని తోటివారిని పరిహసింపకుడు. ఆ నవ్వులకు సిగ్గుపడియే కొందఱు ఇంటివారికి తెలియకుండ ఇట్టి మందులు మ్రింగుదురు. అట్టి స్నేహితుడు మీకున్నచో, వానిని వెంటబెట్టుకొని ప్రాథమిక ఆరోగ్యకేంద్రమునకు వెళ్ళుడు.