కోర్టు ఉత్తర్వు అందిన తర్వాత మన బాధ్యత
(సభ్య విద్యా పాఠం)

ఒక సంఘంలో ఇలా జరిగిందనుకుందాం. పాలకవర్గం ఒక సభ్యుణ్ణి తొలగించింది. అతడు కోర్టుకు వెళ్ళి, కేసు తేలేవరకు ఆ తొలగింపును అమలు చేయరాదని ఉత్తర్వు తెచ్చుకున్నాడు. కార్యదర్శి ఆ కాగితం చూసి, “మేము అప్పీలు చేస్తాం, అంతవరకు నీ పాలు తీసుకోం” అన్నాడు. పూటపూటా ఆ రైతు పాలు ఇంటికి తిరిగిపోతున్నాయి. ఇక్కడ తప్పెవరిదో తెలుసుకుందాం.

ధిక్కారం అంటే ఏమిటి?

మన విశాఖ ఉక్కు కర్మాగారానికి శంకుస్థాపన జరిగిన 1971లోనే పార్లమెంటు కోర్టు ధిక్కార చట్టం చేసింది. కోర్టు తీర్పును గాని, ఉత్తర్వును గాని తెలిసి, కావాలని ఉల్లంఘించడం సివిల్ ధిక్కారం. దీనికి 6 నెలల వరకు సాధారణ జైలు, లేదా 2000 రూపాయల వరకు జరిమానా, లేదా రెండూ విధించవచ్చు. “కావాలని” అన్న మాట ముఖ్యం. ఉత్తర్వు సంగతి తెలియకపోయినా, అమలు నిజంగా అసాధ్యమైనా అది ధిక్కారం కాదు. అయితే కాపీ చేతికి రాకపోయినా విషయం తెలిస్తే చాలు, ఉత్తర్వును పాటించవలసిందే.

గుంటూరు జిల్లా కేసు

గుంటూరు జిల్లాలో పేదల గుడిసెల విషయమై 2013లో హైకోర్టు ఉత్తర్వు ఇచ్చింది. దానిని లెక్కచేయక, అప్పటి తహసీల్దారు తాతా మోహనరావు 2014 జనవరిలో గుడిసెలు కూల్పించారు. 2015లో హైకోర్టు 2 నెలల జైలు, 2000 రూపాయల జరిమానా విధించింది. ఆయన ఈలోగా డిప్యూటీ కలెక్టరు అయ్యారు. కేసు సుప్రీంకోర్టుకు చేరింది. జైలుకు పంపితే ఉద్యోగం పోయి, పిల్లలు కూడా బాధపడతారని తలచిన సుప్రీంకోర్టు, 2025 మే నెలలో జైలు తప్పించి, ఆయనను తిరిగి తహసీల్దారు హోదాకు దింపింది. లక్ష రూపాయల జరిమానా కూడా వేసింది. పదేళ్ళు గడిచినా, పదవి పెరిగినా ఉత్తర్వు మాసిపోలేదు.

మన సంఘానికి వర్తించేది

విశాఖపట్నం, అనకాపల్లి వంటి చోట్ల సివిల్ కోర్టు ఇచ్చిన ఇంజంక్షనును మీరితే అదే కోర్టు ఆస్తి జప్తు చేయవచ్చు, 3 నెలల వరకు సివిల్ జైలుకూ పంపవచ్చు. ఆ శిక్ష సంఘం బోర్డుకు కాదు, ఉత్తర్వు మీరిన మనిషికి తగులుతుంది. అప్పీలు వేసినంత మాత్రాన ఉత్తర్వు ఆగదు. పై కోర్టు స్టే ఇస్తేనే ఆగుతుంది. కాబట్టి మొదట చెప్పిన కార్యదర్శి ఆ పూటే పాలు పోయించుకొని, తరువాత అప్పీలు చేసుకోవలసింది.

ఉత్తర్వు మనకే అనుకూలంగా వచ్చి, అధికారి అమలు చేయకపోతే?

ముందు ధ్రువీకరించిన కాపీతో దరఖాస్తు ఇచ్చి రసీదు తీసుకోవాలి. అప్పటికీ చేయకపోతే, హైకోర్టు ఉత్తర్వు విషయంలో ఏడాదిలోగా ధిక్కార దరఖాస్తు వేయాలి. ఆ గడువు ఉల్లంఘన జరిగిన తేదీ నుండి లెక్క. ఉత్తర్వులో లేని కొత్త కోరికలు అందులో చెల్లవు.

జ్ఞాపకముంచుకోండి

1. ఉత్తర్వు అందిన రోజే పాలకవర్గాన్ని సమావేశపరచి, మినిట్స్ పుస్తకంలో వ్రాయాలి.
2. అర్థం కాకపోతే వకీలును అడగాలి, మనకు మనమే అర్థం చెప్పుకోరాదు.
3. గడువు చాలకపోతే అది తీరకముందే కోర్టును పొడిగింపు కోరాలి.
4. పొరపాటు జరిగితే వెంటనే సరిదిద్ది, మనస్ఫూర్తిగా క్షమాపణ చెప్పాలి. శిక్ష తప్పించుకోవడానికి చెప్పే మాటను కోర్టు అంగీకరించనక్కరలేదు.

ఈ పాఠాన్ని వచ్చే సర్వసభ్య సమావేశంలో చదివి వినిపించగలరని కోరుతున్నాము.