జీడిపప్పు టాఫీకి మన పాకమే చాలు, చెల్లీ

చెల్లీ, కురుపాంలో ఉండి జీడిపప్పు చాక్లెట్ టాఫీని డబ్బాల్లో కొనుక్కోవడానికి నాకు మనసొప్పదు. గుమ్మలక్ష్మీపురం వైపు ఏ కొండవాలు చూసినా జీడిమామిడి తోటలే కదా. మార్చి నుంచి మే దాకా సవర, జాతాపు ఆడవాళ్ళు ఎండనపడి రాలిన పళ్ళు ఏరి, పిక్కలు తెంపి, ఎండబెట్టి, బస్తాలకెత్తి సంతకు దించుతారు. ఆ పిక్కలు పలాస లాంటి చోట్లకు వెళ్ళి పప్పుగా మారతాయి. నాలుగు కిలోల పిక్కలకు ఇంచుమించు కిలో పప్పు దిగుతుంది. ఎండకు ఓర్చిన ఆ ఇళ్ళలోని పిల్లలకు మాత్రం పప్పుతో చేసిన మిఠాయి ఎప్పుడో గానీ అందదు. అదే నా బాధ. అందుకే ఈ టాఫీ గురించి ఇంతగా చెప్తున్నాను.

మరీ కొత్త వంటేం కాదమ్మా. పంచదారను వెన్నతో కలిపి ముదురు పాకం పట్టి, వేయించిన పప్పు కలిపి, పైన చాక్లెట్ పరచడమే. అమెరికాలో టకోమా అనే ఊళ్ళో బ్రౌన్ అండ్ హేలీ వాళ్ళు 1923లో బాదంపప్పుతో చేసి ఆల్మండ్ రోకా అని పేరు పెట్టారు. ఇప్పటికీ అమ్ముతూనే ఉన్నారు. వాళ్ళకు బాదం, మనకు జీడి.

పప్పు కొనేటప్పుడు తెల్లగా, నిండుగా ఉన్న గుళ్ళ జోలికి పోకు. ఎలాగూ ముక్కలు చేసేదే. బద్ద అడుగు, లేదా ముక్క అడుగు. రుచి ఒకటే, ధర బాగా తక్కువ. సన్నటి సెగ మీద లేత బంగారు రంగు వచ్చేదాకా వేయించి చల్లారనివ్వు. పచ్చి పప్పు వేస్తే టాఫీ నాలుగు రోజులకే మెత్తబడ్డట్టుంటుంది, కమ్మదనమూ రాదు.

ఇక కొలతలు. పంచదార 200 గ్రాములు, వెన్న 200 గ్రాములు, నీళ్ళు రెండు చెంచాలు, చిటికెడు ఉప్పు, పప్పు 150 గ్రాములు, చాక్లెట్ 150 గ్రాములు. నెయ్యి వేస్తానంటావేమో, వద్దు. వెన్నలో ఉండే పాల పదార్థమూ, కాస్త తడీ పంచదారను, కొవ్వును కలిపి పట్టి ఉంచుతాయి. నెయ్యిలో అవి ఉండవు కాబట్టి పాకం ఒకవైపు, నెయ్యి ఒకవైపు అయిపోతాయి. ఇంట్లో చిలికిన వెన్నయితే మజ్జిగ అంతా పోయేలా కడిగి, గట్టిగా పిండి వాడు.

పాచిపెంట, అరకు వైపు నుంచి మన ఇళ్ళకు కాఫీ పొడి వస్తూనే ఉంటుంది కదా. అరకు అరబికా కాఫీకి 2019లో భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. ఆ రెండు చెంచాల నీళ్ళకు బదులు చిక్కటి డికాషన్ పోసి చూడు. తీపి మొహం మొత్తకుండా చిన్న చేదు తగులుతుంది. నాకైతే ఇదే ఇష్టం. డికాషన్ పాకంలోనే పోయాలి సుమా, చాక్లెట్‌లో కాదు. కరుగుతున్న చాక్లెట్‌లో చుక్క తడి పడినా ముద్దకట్టి బిరుసెక్కిపోతుంది.

అడుగు మందంగా ఉన్న గిన్నెలో వెన్న కరిగించి పంచదార, నీళ్ళు, ఉప్పు వెయ్యి. మధ్యస్థం కంటే కాస్త తక్కువ మంట. గరిటె ఆపకు, అలాగని గిలక్కొట్టకు. తొందరపడి మంట పెంచావో, నూనె విడిపోయి పైకి తేలుతుంది. అలా తేలితే భయపడకు, మంట తగ్గించి ఒక చెంచా వేడినీళ్ళు పోసి నిదానంగా కలుపు, చాలాసార్లు మళ్ళీ కలిసిపోతుంది.

అన్నిటికన్నా ముఖ్యం పాకం చూడడం. పుస్తకాల్లో 150 డిగ్రీలని రాస్తారు. థర్మామీటరు లేదని వెనక్కి తగ్గకమ్మా. వేరుశనగ అచ్చుకు పాకం పట్టడం వచ్చిన చెయ్యి నీది. పక్కన చల్లటి నీళ్ళ గిన్నె పెట్టుకుని ఒక చుక్క వెయ్యి. వేలి కింద ఉండ కడితే ఇంకా లేత. గిన్నెకేసి కొడితే ఠంగుమనాలి, విరిస్తే టక్కున రెండవ్వాలి. అప్పటికి రంగు కూడా ముదురు తేనెలా తిరుగుతుంది. అక్కడి నుంచి మాడిపోవడానికి నిమిషం కూడా పట్టదు కాబట్టి ఫోను ఎత్తకు, వాకిట్లోకి పోకు. పిల్లల్ని మాత్రం పొయ్యి దగ్గరకు రానివ్వకు. మరిగే నీళ్ళు 100 డిగ్రీలయితే ఈ పాకం వేడి అందులో ఒకటిన్నర రెట్లు, పైగా చర్మానికి అంటుకుని వదలదు.

పొయ్యి కట్టేసి ముప్పాతిక పప్పు కలిపి, వెన్న రాసిన పళ్ళెంలో ఒంపి పరిచెయ్యి. రెండు మూడు నిమిషాలాగి, ఇంకా వేడిగా ఉండగానే తురిమిన చాక్లెట్ చల్లి మూత పెట్టు. ఆ వేడికే కరుగుతుంది, చెంచా వెనకతో పూసేసి మిగిలిన పప్పు చల్లు. ఆరాక చేత్తో విరవడమే, చాకుతో కోయకు.

చాక్లెట్ కొనేముందు రేపరు చదువు. కోకో బటర్ అని ఉంటే అసలుది, వెజిటబుల్ ఫ్యాట్ అని ఉంటే కాంపౌండ్. కాంపౌండ్ చవక, ఎండకూ కాస్త ఓర్చుకుంటుంది, కానీ నోట్లో అసలుదానిలా కరగదు. దేశంలో కోకో ఎక్కువ పండేది మన రాష్ట్రంలోనే, ఏలూరు, గోదావరి జిల్లాల కొబ్బరి, పామాయిల్ తోటల నీడలో. వీలైతే అసలుదే తీసుకో. ఆరాక తెల్లటి చారలు కనిపిస్తే పాడైందనుకోకు, కోకో కొవ్వు పైకి తేలిందంతే, తినొచ్చు.

మనకు ఒక్క చిక్కుంది. కోకో బటర్ 34 డిగ్రీల దగ్గర కరిగిపోతుంది. పిక్కలు వచ్చే వేసవిలో టాఫీ నిలవదు, వానల్లో తేమకు జిగటవుతుంది. మార్గశిరం, పుష్యం, కొండగాలి చల్లగా వీచే ఆ నెలలే దీనికి సరైన అదను. క్రిస్మస్, సంక్రాంతి కూడా అప్పుడే. గాలి చొరని డబ్బాలో పెడితే రెండు మూడు వారాలు కరకరలాడుతూ ఉంటుంది. ఫ్రిజ్‌లో పెట్టకు, బయటకు తీయగానే చెమట పడుతుంది.

ఈ టాఫీ చేసి అమ్మే సంగతి మీ పొదుపు సంఘంలో కూడా చెప్పి చూడు. ఇంట్లో చేసిన తిండి అమ్మాలంటే ఆహార భద్రతా సంస్థ దగ్గర పేరు నమోదు చేయించుకోవాలి, ఆ పని ముందే చేసుకోండి. చలికాలంలో పప్పు ఎక్కడిదంటావేమో, ఎండిన పిక్కలు నెలల తరబడి నిలవుంటాయి. వచ్చే వేసవిలో అన్నీ బస్తాలకెత్తి అమ్మేయకుండా ఇంటికి కావలసినన్ని పక్కన తీసిపెట్టించు. పిక్క పెంకులోని రసం చేతిని కాల్చేస్తుంది గనుక, ఆరుబయట కాల్చి కొట్టడం అలవాటున్న పెద్దవాళ్ళ చేతనే పప్పు తీయించు చెల్లీ.