పెరట్లో స్టార్‌ఫ్రూట్: చిత్త కార్తెలోపే విత్తనం పడాలి

స్టార్‌ఫ్రూట్ మన దేశంలో ఏడాదికి రెండు కాపులు కాస్తుంది. సెప్టెంబరు, అక్టోబరుల్లో ఒకటి, డిసెంబరు, జనవరిలో మరొకటి. నంద్యాల, ఆళ్లగడ్డ వైపు పెరట్లో ఈ చెట్టు పెంచాలనుకునేవారు మొదటి కాపు పండ్ల నుంచే విత్తనం తీసుకోండి. చిత్త కార్తె దాటకముందు వేస్తే వారం పదిరోజుల్లో మొలుస్తుంది. చలి ముదిరాక వేస్తే రెండు మూడు వారాలు కాచుకోవాలి.

ఈ విత్తనం నిల్వకు ఆగదు. పండులోంచి తీసిన కొద్దిరోజులకే మొలకశక్తి పోతుంది కాబట్టి పొట్లాల్లో అమ్మే ఎండు విత్తనాలు కొనడం డబ్బు దండగ. బాగా పసుపు తిరిగిన పండు తెచ్చి, గింజల చుట్టూ ఉండే జిగురు పొరను నీళ్లలో రుద్ది కడిగి, అదే రోజు విత్తండి. గింజల్లో తాలు ఎక్కువ. నిండుగా ఉన్నవే ఏరుకోవాలి. ఎర్రమట్టి, ఇసుక, చివికిన పశువుల ఎరువు సమానంగా కలిపి సంచుల్లో నింపి, అర అంగుళం లోతున వేసి నీడలో పెట్టండి. నాలుగైదు సంచులు వేస్తే మంచిది, ఎందుకో కింద చెబుతాను.

వచ్చే ఎండాకాలమంతా మొక్కలు సంచుల్లోనే, నీడలోనే ఉండాలి. జులైలో వానలు నిలదొక్కుకున్నాక నేలలో నాటుకోవచ్చు.

అసలు చిక్కు మన నేలతోనే. ఈ చెట్టుకు కాస్త పులుపు గుణమున్న నేల, అంటే ఉదజని సూచిక 5.5 నుంచి 6.5 వరకు ఉన్నది నచ్చుతుంది. మన నల్లరేగడి సున్నం నేల, సూచిక 8 దాటే చోట్లు ఎక్కువ. అలాంటిచోట ఇనుము అందక లేత ఆకులు పసుపుబారి ఈనెలు మాత్రం పచ్చగా మిగులుతాయి. చీనీ తోటలున్నవారికి ఇది తెలిసిన జబ్బే. లీటరు నీటికి 5 గ్రాముల అన్నభేది, 1 గ్రాము నిమ్మఉప్పు కలిపి వారం తేడాతో రెండు మూడుసార్లు పిచికారీ చేయండి. నల్లమల అంచున ఎర్రనేల ఉన్న ఊళ్లవారికి ఈ బాధ తక్కువ.

రేగడిలో లోతు గుంత తీసి ఎర్రమట్టి నింపితే వానాకాలంలో అది నీళ్ల తొట్టి అవుతుంది. అందుకని అడుగు, అడుగున్నర ఎత్తు దిబ్బ పోసి దానిమీద నాటండి. మొదలు చుట్టూ వరిగడ్డో వేరుశనగ పొట్టో మందంగా పరిస్తే వేసవిలో నేల నెర్రెలు విచ్చి వేళ్లు తెగవు. ఉప్పు బోరునీళ్ల కంటే కాలువ నీళ్లు మేలు. ఇంటికి తూర్పు పక్కన పెడితే పడమటి ఎండ, వడగాలి తగలవు. సాయంత్రం ఆకులు ముడుచుకుంటాయి. అది ఈ చెట్టు నైజం. వాడిందనుకుని నీళ్లు కుమ్మరించకండి.

విత్తనపు చెట్టు కాపుకు నాలుగైదేళ్లు పట్టవచ్చు. అంటు మొక్క రెండేళ్లలోపే కాస్తుంది. పైగా విత్తనపు చెట్టు తీపిదో పుల్లదో కాసేదాకా తెలియదు. పుల్లదైనా నష్టమేమీ లేదు, పప్పులోకి, పచ్చడికి అదే బాగుంటుంది. ఇంకో సంగతి: ఈ చెట్లలో పూల కీలం పొడవున్నవి, పొట్టిగా ఉన్నవి అని రెండు రకాలు. ఒకదాని పుప్పొడి మరోదానికి అందితేనే కాపు బాగా నిలుస్తుంది. ఒంటి చెట్టు నిండా పూసి రాల్చేస్తే కారణం చాలావరకు ఇదే. నాలుగైదు సంచులు వేయమన్నది ఇందుకే. పెరడు చిన్నదైతే ఒకటి ఇరుగుపొరుగువారికివ్వండి, తేనెటీగలకు గోడలు అడ్డం కావు. పూతమీద పురుగుమందు కొట్టవద్దు. లోపలి సన్నకొమ్మల మీద, మాను మీద కూడా పూస్తుంది కాబట్టి శుభ్రం పేరుతో వాటిని కత్తిరించకండి. పండు ఈగ నుంచి కాపాడుకోవడానికి పిందెలకు కాగితపు సంచులు తొడగండి, రాలినవి లోతుగా పూడ్చిపెట్టండి.

ఇది ఇంటి అవసరానికి పెంచుకునే చెట్టు. రేగడి భూముల్లో ఎకరాల లెక్కన వేయమని నేను చెప్పను.

మూత్రపిండాల జబ్బున్నవారు ఈ పండును ముట్టకూడదు. ఇందులో ఆక్సాలిక్ ఆమ్లం ఎక్కువ. నరాలపై పనిచేసే కారంబాక్సిన్ అనే విషపదార్థం కూడా ఉందని బ్రెజిల్ పరిశోధకులు 2013లో గుర్తించారు. చెడిన మూత్రపిండాలు దాన్ని బయటికి పంపలేవు. ఆగని వెక్కిళ్లతో మొదలై మూర్ఛకు, ప్రాణాపాయానికి దారితీయవచ్చు. ఇంటికొచ్చిన చుట్టానికి కోసి పెట్టేముందు ఆ జబ్బేమైనా ఉందేమో అడగండి.