ఎముకల పొడి నుంచి రాగిజావ దాకా

చి. శ్రావ్యకు,

ఆరోగ్యం పేజీ నీకు అప్పగించారని తెలిసి చాలా సంతోషించాను. ముందుగా ఏం చదవమంటారని అడిగావు. పుస్తకాల పేర్లు తర్వాత రాస్తాను. ముందు ఒక పత్రిక కథ విను. అమెరికాలో 1950లో మొదలైన ‘ప్రివెన్షన్’ అది. జబ్బు చేశాక మందు వెతుక్కోవడం కాదు, జబ్బు రాకముందే తిండి గురించి, ఆ తిండి పండే మట్టి గురించి ఆలోచించాలని పుట్టిన పత్రిక. నువ్వు రేపు నింపబోయే పేజీకి పెద్దదిక్కుల్లో అదొకటి.

దాన్ని పెట్టిన జె. ఐ. రోడేల్ డాక్టరూ కాదు, రైతూ కాదు. 1898లో న్యూయార్క్‌లో ఒక కిరాణా వ్యాపారి ఇంట పుట్టాడు. లెక్కల తనిఖీ ఉద్యోగం చేశాడు. తర్వాత సోదరుడితో కలిసి ఎలక్ట్రికల్ సామాను ఫ్యాక్టరీ పెట్టాడు. 1930లో ఆ ఫ్యాక్టరీతోపాటు పెన్సిల్వేనియాలోని ఎమ్మావుస్ అనే చిన్న ఊరు చేరాడు. ఆయన దారి మార్చినవి ఆల్బర్ట్ హోవర్డ్ రాతలు.

ఈ హోవర్డ్ మనకు పరాయివాడేమీ కాదు. 1905లో బీహారులోని పూసాకు వృక్షశాస్త్రవేత్తగా వచ్చాడు. తర్వాత ఇందోరులో పేడనూ పొలం చెత్తనూ పొరలుగా పేర్చి ఎరువు చేసే పద్ధతిని స్థిరపరిచాడు. ఈ దేశపు రైతులే తనకు గురువులని ఒప్పుకున్న మనిషి. రోడేల్ మీద ముద్ర వేసిన మరో శాస్త్రవేత్త రాబర్ట్ మెక్‌కారిసన్ కూడా ఇక్కడ పనిచేసినవాడే. ఆయన కూనూరులో ఎలుకలకు దేశంలోని వేర్వేరు ప్రాంతాల భోజనాలు పెట్టి చూశాడు. సిక్కుల రొట్టె, పాలు, పప్పు, కూరలు తిన్న ఎలుకలు ఏపుగా పెరిగాయి. మద్రాసు ప్రాంతపు బియ్యం తిండి తిన్నవి బాగా వెనకబడ్డాయి. ఆంధ్ర జిల్లాలు కూడా అప్పుడు మద్రాసు ప్రెసిడెన్సీలోనివే కదా! కూనూరు ప్రయోగశాల 1958లో హైదరాబాదుకు తరలివచ్చింది. తార్నాకలో నువ్వు బస్సులోంచి చూసే జాతీయ పోషకాహార సంస్థ అదే.

హోవర్డ్‌ను సహసంపాదకుడిగా పెట్టుకుని రోడేల్ 1942లో సేంద్రియ సాగు మీద ఒక పత్రిక తెచ్చాడు. ఎనిమిదేళ్ల తర్వాత ‘ప్రివెన్షన్’ వచ్చింది. అరచేతిలో ఇమిడే చిన్న సైజు, ఇంట్లో పెద్దమనిషి పక్కన కూర్చుని చెప్పినట్టుండే భాష. తెల్ల బ్రెడ్డు, పంచదార తగ్గించమంది. పురుగుమందుల గురించి హెచ్చరించింది. 1970లలో సర్క్యులేషన్ పది లక్షలు దాటింది. డాక్టర్లు రోగుల తిండి గురించి పెద్దగా పట్టించుకోని కాలంలో ఆ మాట అంతమంది వంటింటికి చేర్చడం చిన్న పని కాదు. అందుకే ఆ పత్రిక అంటే నాకు గౌరవం.

అయితే రోడేల్ ఒక నిజం దొరకగానే అన్ని తాళాలకూ దాన్నే తాళంచెవిగా తిప్పాడు. పంచదారకూ నేర స్వభావానికీ ముడిపెట్టి ఏకంగా పుస్తకమే రాశాడు. ఎముకల బలానికి, పళ్ల బలానికి పశువుల ఎముకల పొడి మాత్రలు మింగమన్నాడు. అలాంటి పొడుల్లో సీసం ఉండవచ్చని 1980లలో అమెరికా ప్రభుత్వమే జాగ్రత్తలు చెప్పాల్సి వచ్చింది. ఎముక ఆయుష్షంతా సీసాన్ని కూడబెట్టుకుంటుందన్న సంగతి నమ్మి మింగినవాళ్లకు ఎవరు చెప్పారు? ఆయన ఆరోగ్య పుస్తకం ప్రకటనల మీద 1964లో ఫెడరల్ ట్రేడ్ కమిషన్ కేసు పెట్టింది. కమిషన్ విచారణ మధ్యలో ఆరోపణ మార్చిందంటూ 1968లో అప్పీలు కోర్టు దాని ఉత్తర్వును కొట్టేసింది. ఆ పుస్తకంలోని వైద్యం నిజమా కాదా అన్నది అక్కడ తేలనే లేదు.

1971 జూన్‌లో ఒక టీవీ కార్యక్రమం రికార్డింగులో, నూరేళ్లు బతుకుతానని చెప్పుకునే రోడేల్ 72 ఏళ్లకే గుండె ఆగి కన్నుమూశాడు. చాలామంది దీన్ని నవ్వులాటగా చెబుతారు. నువ్వు అలా రాయకు. ఒక మనిషి ఆయుష్షు ఒక తిండికి పరీక్ష కాదు. ఆయన నిజంగానే నూరేళ్లు బతికి ఉన్నా ఎముకల పొడి మంచిదని రుజువయ్యేది కాదు.

ఈ కథలో నాకు ఎక్కువ ఇష్టమైనవాడు రోడేల్ కొడుకు రాబర్ట్. తండ్రి నమ్మకాన్ని ఆయన పొలంలో పెట్టి చూశాడు. 1981లో కట్జ్‌టౌన్ దగ్గర సేంద్రియ మళ్లు, రసాయన ఎరువుల మళ్లు పక్కపక్కనే వేయించి ఏటా కొలతలు తీయించాడు. 1990లో మాస్కోలో రోడ్డు ప్రమాదంలో ఆయన పోయినా ఆ పోలిక ఆగలేదు.

డబ్బు సంగతీ తెలుసుకో. విటమిన్లను మెచ్చుకునే వ్యాసం, ఎదుటి పేజీలో విటమిన్లు అమ్మే ప్రకటన: ఏళ్ల తరబడి ‘ప్రివెన్షన్’ రూపం ఇదే. 2016లో ముద్రణ సంచికలో ప్రకటనలు మానేసి చందా పెంచారు. 2018లో హర్స్ట్ సంస్థ రోడేల్ కంపెనీని కొనేసింది. నీ పేజీలోనూ ప్రకటన ఎక్కడ పడుతుందో అచ్చుకు ముందే అడుగు. మొహమాటపడకు.

నీ మొదటి వ్యాసం రాగుల మీద అన్నావు. జాతీయ పోషకాహార సంస్థ 2017 పట్టికలో 100 గ్రాముల రాగులకు 364 మిల్లీగ్రాముల కాల్షియం కనిపిస్తుంది. అది ఎండు ధాన్యం లెక్క. మీ అమ్మ కాచే గ్లాసు జావలో పిండి ఎన్ని గ్రాములు పడుతుందో ముందు తూచు. అందులో ఉన్న కాల్షియమంతా ఒంటికి పడుతుందా అన్నది ఆ సంస్థకే వెళ్లి అడుగు. ఆ రెండూ చేర్చాక వ్యాసం నాకు పంపు.

ఆశీస్సులతో,
పెదనాన్న