సిపాయీలు యోహానును అడిగిన ప్రశ్న
పాఠ్యభాగము: లూకా 3:10–14



కేసముద్రములో ఒక ఆదివారము ఆరాధన ముగిసిన తరువాత ఒక తల్లి మమ్మును ప్రక్కకు పిలిచి, "అయ్యగారూ, మా పిల్లగాడు మిలిట్రీల చేరుతనంటున్నడు. తుపాకి పట్టినోడు బల్లకాడికి రావచ్చునా?" అని అడిగినది. మేము వెంటనే జవాబు చెప్పలేక, "ప్రార్థన చేసి చెప్పెదము, అమ్మా" అంటిమి. నిజము ఒప్పుకొనవలెనంటే, ఆ గడియలో మాకు ప్రార్థన ఎంత అవసరమో ఆలోచనయు అంతే అవసరమైనది. ఆ ఆలోచనలోనుండియే ఈ నెల పాఠము వచ్చినది.

యొర్దానునొద్దకు సిపాయీలు కూడ వచ్చిరని లూకా వ్రాసెను. సుంకరులు అడిగినట్లే వారును, తాము ఏమి చేయవలెనని అడిగిరి. యోహాను వారితో కత్తి పారవేయుడని చెప్పలేదు. మీ ఉద్యోగము మంచిదని మెచ్చుకొననూ లేదు. మూడు సంగతులు మాత్రము చెప్పెను. ఎవరినీ బెదరించి లాగుకొనవద్దు, లేని నేరము ఎవరిమీదను మోపవద్దు, వచ్చు జీతముతో తృప్తిపడవలెను. ఇన్ని పాపములుండగా ఈ మూడే ఎందుకు ఎన్నుకొనెను? ఇది తెలియుటకు రోమా రాజ్యము వరకు పోనక్కరలేదు. మన దేశములో రెండు వందల సంవత్సరముల క్రిందట తుపాకి మోసిన సిపాయి బ్రదుకు చూచిన చాలును.

ఆ సిపాయి మనకు పరాయివాడు కాడు. 1756లో క్లైవు దొర చెన్నపట్టణమునుండి సైన్యముతో బంగాళమునకు ఓడలలో పోయినప్పుడు మన తెలుగు సిపాయీలును వెంట పోయిరి. వారిని చూచిన ఉత్తరదేశస్థులు ఎర్రకోటు తొడిగిన ప్రతి సిపాయిని "తిలంగా" అని పిలువసాగిరి. మన నేల పేరు అక్కడ ఒక ఉద్యోగమునకు పేరైపోయినది.

అతని చేతిలోని తుపాకిని తెల్లవారు ముద్దుగా బ్రౌన్ బెస్ అనెడివారు. దాని బరువు ఇప్పటి లెక్కలో సుమారు నాలుగున్నర కిలోలు. కాగితములో చుట్టిన తూటాను పండ్లతో కొరికి, కొంచెము మందు చెవిలో పోసి, మిగిలిన మందును గుండును గొట్టములోనికి వేసి, ఇనుప కడ్డీతో దంచి, అప్పుడు ఎత్తి కాల్చవలెను. చెకుముకిరాయి కొట్టిన నిప్పురవ్వతో మందు అంటుకొనును. వాన పడినచో అంటుకొనదు. బాగుగా నేర్చినవాడు నిమిషమునకు మూడుసార్లు కాల్చగలడు. నూరు గజములు దాటిన తరువాత గురి నిలువదు. అందుచేత ఒక్కొక్కడు గురి చూచుట కాదు, భుజము భుజము ఆనించి వరుసగా నిలిచి, మాట వినబడగానే అందరును ఒక్కసారి కాల్చవలెను. ఎదుటివాడు కాల్చుచుండగా కదలక నిలుచుటే ఆ విద్యలో పెద్ద భాగము. పొగలో కన్ను కనబడదు. కొరికిన మందు ఉప్పునకు నాలుక ఎండిపోవును. లూకా 7వ అధ్యాయములోని శతాధిపతి, తాను పొమ్మన్నవాడు పోవును, రమ్మన్నవాడు వచ్చును అని యేసుతో చెప్పిన మాటకు ఈ వరుసను చూచిన తరువాత మాకు మరియొక లోతు కనబడినది.

ఇంగ్లాండునుండి వచ్చిన తెల్ల సోల్జరు దొరతనము అనుభవించెనని మనవారు అనుకొందురు. అధికారుల మాట వేరు. సామాన్య సోల్జరు అక్కడి బీదవాడే. దినమునకు ఒక షిల్లింగు జీతము, అందులో తిండికి, బట్టకు కోత. మన ఎండలలో కూడ మెడకు తోలుపట్టీ, ఒంటికి ఉన్నికోటు. తప్పు చేసినచో తొమ్మిది తాళ్ల కొరడాతో, పటాలమంతయు చూచుచుండగా, వందలకొలది దెబ్బలు. ఆ శిక్ష వారి సైన్యములో 1881 వరకు పూర్తిగా తొలగలేదు. దినభత్యములో సారాయి కూడ ఇచ్చెడివారు. మన పల్లెలలో సారాయి చేసిన పని ఎరిగినవారికి దాని ఫలము వేరుగా చెప్పనక్కరలేదు. గుండు తగిలి చచ్చినవారికంటె కలరా, జ్వరము, రక్తవిరేచనములతో చచ్చినవారే ఎక్కువ. సికిందరాబాదు పాత సమాధుల తోటలలో రాళ్లు చదివినవారు ఎంత చిన్న వయస్సులు అక్కడ చెక్కబడియున్నవో చూచియుందురు.

మన సిపాయికి నెలకు సుమారు 7 రూపాయలు. ఆ కాలమున అది తక్కువ సొమ్ము కాదు. కాని సమయమునకు అందవలెను గదా! జీతము అందని సైన్యము ఏ ఊరిమీదుగా నడిచిన ఆ ఊరికి మిడుతల దండే. పశువులు, గడ్డి, గాదెలోని గింజలు, ఏమియు మిగులవు. సైన్యము వెంట ఎద్దులమీద ధాన్యము మోసి అమ్మినవారు బంజారాలు, అనగా మన మానుకోట తండాలలోని లంబాడీ సహోదరుల పూర్వికులు. 1791లో కారన్వాలిసు సైన్యము టిప్పు సుల్తానుమీదికి పోయినప్పుడు ఈ ఎద్దుల బిడారులు లేనిదే దానికి తిండి లేదు. కొని తినిన సైన్యము ఒకటి, లాగుకొని తినిన సైన్యము మరియొకటి. యోహాను జీతము మాటను, బెదరించి లాగుకొను మాటను ఒకే జవాబులో చేర్చుటకు కారణము ఇదే అని మేము తలంచుచున్నాము. తృప్తిలేని తుపాకి రైతు వాకిటికే వచ్చును.

ఇక వేలూరు సంగతి. మన పల్లెలలో వేలూరు అనగానే ఐడా స్కడర్ దొరసాని 1900లో ఆరంభించిన ఆసుపత్రియే జ్ఞాపకము వచ్చును. అంతకు తొంబదినాలుగు సంవత్సరముల ముందు అక్కడి కోటలో ఘోరము జరిగినది. మద్రాసు సైన్యాధికారులు సిపాయీలకు క్రొత్త ఉత్తరువు చేసిరి. కవాతులో నుదుట బొట్టు, నామము ఉండరాదు, చెవిపోగులు తీసివేయవలెను, గడ్డము గీయవలెను, తోలు తురాయి గల క్రొత్త తలపాగా పెట్టవలెను. ఆ తలపాగా తెల్లవారి టోపీవలె కనబడినది. ఇది పెట్టించి మనలను కిరస్తానులను చేయుదురు అని సిపాయీలు భయపడిరి. కాదన్నవారిలో ఇద్దరిని, ఒక హిందువును ఒక మహమ్మదీయుని, కొరడాలతో కొట్టి పనినుండి వెళ్లగొట్టిరి. 1806 జూలై 10వ తేదీ తెల్లవారకముందే సిపాయీలు లేచి నూరుమందికి పైగా తెల్ల సోల్జర్లను చంపిరి. ఆసుపత్రిలో పడియున్న రోగులను కూడ విడువలేదు. ఆర్కాటునుండి గిలెస్పీ దొర గుఱ్ఱపు దండుతో వచ్చి కోట తిరిగి పట్టుకొనెను. అప్పుడు సిపాయీలు వందల సంఖ్యలో చంపబడిరి. ఆ సిపాయీలను టిప్పు కుమారుల పక్షమువారు రేపిరని కొందరు చెప్పుదురు. అందులోను కొంత నిజమున్నది. కాని నిప్పు అంటుకొనుటకు మందు సిద్ధపరచినది ఆ ఉత్తరువే.

ఆ తలపాగా మిషనెరీలు కోరినది కాదు. అయినను ఇంగ్లాండులో కొందరు ఆ నింద మిషనెరీలమీద మోపిరి. సువార్త విననివారికి మన ప్రభువు నామము ఒక తోలుముక్కగా తెలిసినది. ఇది వ్రాయుచుండగా మాకు మన పల్లెల సంగతి గుర్తు వచ్చుచున్నది. బాప్తిస్మము పొందిన స్త్రీ గాజులు, పూలు తీసివేసినదా లేదా అని చూచువారు, ఆమె అత్తగారితో కలహము మానినదా అని అడుగుట లేదు. మేమును ఒకప్పుడు అట్లు చూచినవారమే.

ఆ జూలైలోనే మన హైదరాబాదునొద్దనున్న ఇంగ్లీషు సైన్యములో కూడ ఇదే తలపాగాను గూర్చి అలజడి లేచినది. అక్కడి సేనాని మాంట్రెజర్ దొర మద్రాసునుండి అనుమతి వచ్చువరకు కనిపెట్టక, ఉత్తరువును తానే నిలిపివేసెను. అలజడి అణగినది, అక్కడ వేలూరు జరుగలేదు. పైయధికారి మాటను ఆపుట సైన్యములో చిన్న సంగతి కాదు. దీనిని గూర్చి చరిత్ర పుస్తకములు ఒకటి రెండు పంక్తులలో ముగించును. మాకైతే గిలెస్పీ దొర గుఱ్ఱపు పరుగుకంటె ఇదే గొప్పదిగా కనబడుచున్నది. తరువాత మద్రాసు ప్రభుత్వము తలపాగా ఉత్తరువును రద్దుచేసెను. గవర్నరు బెంటింకును, సేనాధిపతి క్రాడక్కును పదవులనుండి వెనుకకు పిలువబడిరి. ఆ బెంటింకే గవర్నరు జనరలుగా మరల వచ్చి, 1835లో దేశీయ సిపాయీలకు కొరడా శిక్షను తీసివేసెను.

యొర్దానునొద్ద యోహాను సిపాయీల తలమీద ఏమున్నదో చూడలేదు. వారి చెయ్యి బలహీనుని సంచిలో ఉన్నదా, వారి నోరు లేని నేరము చెప్పుచున్నదా అని చూచెను.

ఈ మాటలు తీసికొని మేము ఆ తల్లి ఇంటికి పోతిమి. పిల్లవాడు మిరపకాయల బస్తాలు దింపి అప్పుడే మార్కెటునుండి వచ్చెను. పాఠ్యభాగము వానిచేతనే చదివించితిమి. మూడవ మాటయొద్ద ఆగి, "అయ్యగారూ, మరి జీతం తక్కువిస్తే తృప్తి ఎట్ల?" అని అడిగెను. తల్లి వానిని గదిమినది. మేము గదుమవద్దంటిమి. యొర్దానునొద్ద ఈ మాట విన్న సిపాయీలలో ఎవడో ఒకడు ఇదే అడిగియుండును. బల్ల విషయము మాత్రము ఆ తల్లికి చెప్పితిమి: తుపాకి పట్టినవాడు రావచ్చును, ఈ మూడు మాటలు వెంట పెట్టుకొని రావలెను.

పిల్లవాని ప్రశ్నను సంఘములన్నియు గృహకూటములలో మాటలాడవలెనని కోరుచున్నాము. వచ్చు నెల పాఠము అపొస్తలుల కార్యములు 10వ అధ్యాయము, కొర్నేలి అను శతాధిపతి. ముందుగా చదివి రండి.